ఎంపికలో అన్యాయం జరిగిందనిపిస్తే కోర్టు దేన్ని చూస్తుంది?

న్యాయ సలహా: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ప్రభుత్వ ఉద్యోగ నియామకాల గురించినవే. హనుమకొండ గ్రంథాలయాల్లోను, నయీంనగర్ కోచింగ్ సెంటర్లలోను ఏళ్ల తరబడి చదువుతున్నవారూ, వారి తల్లిదండ్రులూ రాశారు. మళ్లీ అవే బోర్డుల ముందు పరీక్షలు రాయవలసినవారు కనుక ఎవరి పేరూ ప్రచురించడం లేదు. ఉత్తరాలను కుదించాము.

ప్రశ్న: ఒక విశ్వవిద్యాలయంలో అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టుకు ఇంటర్వ్యూకు హాజరయ్యాను. ఎంపికైన ఇద్దరిలో ఒకరు కమిటీలోని ఒక సభ్యునికి మేనల్లుడు. మరొకరు ఇంకో సభ్యుని దగ్గర పీహెచ్‌డీ చేసినవారు. విద్యార్హతల మార్కుల్లో నేను ముందున్నాను, ఇంటర్వ్యూ మార్కుల్లో వెనకబడ్డాను. ఇంటర్వ్యూకు వెళ్లినవాడికి ఆ తరువాత కోర్టుకు వెళ్లే హక్కు ఉండదని మిత్రులు అంటున్నారు. నిజమేనా? (పరిశోధకుడు, హనుమకొండ)

జవాబు: మీరు రెండు సంబంధాలను ఒకే గాటన కట్టారు. చట్టం దృష్టిలో మేనల్లుడు వేరు, శిష్యుడు వేరు.

ముందు మేనల్లుడి సంగతి చూద్దాం. జమ్మూ కశ్మీర్‌లో ఇండియన్ ఫారెస్ట్ సర్వీసుకు అధికారులను ఎంపిక చేసిన బోర్డులో, తానే ఒక అభ్యర్థి అయిన అటవీ శాఖ ఉన్నతాధికారి సభ్యుడిగా కూర్చున్నారు. తన పేరు పరిశీలనకు వచ్చినప్పుడు ఆయన పాల్గొనలేదు. కానీ తనతో పోటీ పడుతున్నవారి పేర్లు వచ్చినప్పుడు కుర్చీలోనే ఉన్నారు, ప్రాధాన్య క్రమం తయారుచేయడంలోనూ పాలు పంచుకున్నారు. తీరా జాబితా వచ్చేసరికి ఆయన పేరే అందరికంటే పైన ఉంది. ఏ.కె. క్రైపక్ కేసుగా ప్రసిద్ధమైన ఈ వ్యవహారంలో సుప్రీంకోర్టు 1969లో ఆ ఎంపికను కొట్టివేసింది. ఆయన నిజంగా పక్షపాతం చూపారా లేదా అన్నది రుజువు చేయనక్కరలేదని, పక్షపాతానికి సహేతుకమైన అవకాశం ఉంటే చాలునని ఆ తీర్పు చెప్పింది. ఎదుటి మనిషి మనసులో ఏముందో సాక్ష్యాలతో నిరూపించడం ఎవరి తరమూ కాదు గనుక, ఈ సూత్రం లేకపోతే ఇలాంటి కేసుల్లో అభ్యర్థులు గెలిచే దారే ఉండేది కాదు.

అయితే హర్యానా పబ్లిక్ సర్వీస్ కమిషన్‌కు సంబంధించిన అశోక్ కుమార్ యాదవ్ కేసులో, 1985లో, సుప్రీంకోర్టు ఒక తేడా చూపింది. పబ్లిక్ సర్వీస్ కమిషన్ రాజ్యాంగబద్ధ సంస్థ; దాని సభ్యుని స్థానంలో బయటి వ్యక్తిని కూర్చోబెట్టడం కుదరదు. కనుక బంధువు ఇంటర్వ్యూ జరిగేటప్పుడు ఆ సభ్యుడు తప్పుకుంటే సరిపోతుంది. ఒక్కో నియామకం కోసం ప్రత్యేకంగా వేసే ఎంపిక కమిటీకి ఈ వెసులుబాటు లేదు. అక్కడ దగ్గరి బంధువు అభ్యర్థిగా ఉన్న సభ్యుడు మొత్తం ప్రక్రియ నుంచే తప్పుకొని, తన స్థానంలో మరొకరిని నియమించమని కోరాలి. విశ్వవిద్యాలయ కమిటీ ఈ రెండో కోవకు చెందుతుంది కాబట్టి, ‘మా సభ్యుడు ఆ పది నిమిషాలు బయటే ఉన్నాడు’ అని కౌంటర్‌లో (కోర్టుకు ఇచ్చే లిఖితపూర్వక జవాబులో) రాసినా అది నిలబడే వాదన కాదు.

శిష్యుడి విషయం ఇంత సులువు కాదు. గోవా విశ్వవిద్యాలయానికి సంబంధించిన జి.ఎన్. నాయక్ కేసులో, ఒక అభ్యర్థిని మెచ్చుకుంటూ ముందే నోట్ రాసిన ఆచార్యుడు ఎంపిక కమిటీలోనూ కూర్చున్నా, అది పక్షపాతం కాదని సుప్రీంకోర్టు 2002లో తేల్చింది. ఒక శాస్త్రంలో నిపుణులు కొద్దిమందే ఉంటారు. వారికి అభ్యర్థులు తెలిసి ఉండటం, వారిలో కొందరిపై సదభిప్రాయం ఉండటం సహజమన్నది ఆ తీర్పు వెనుక ఉన్న ఆలోచన. మన విశ్వవిద్యాలయాల్లో గైడుకూ స్కాలరుకూ మధ్య ఉండే బంధం ఎలాంటిదో తెలిసినవారికి ఈ ఆలోచన పూర్తిగా మింగుడు పడకపోవచ్చు. నాకూ పడలేదు. కానీ కోర్టులో నడిచేది ఆ తీర్పే కాబట్టి, శిష్యరికం ఒక్కదాన్నే పట్టుకొని పిటిషన్ వేయకండి.

ఇంటర్వ్యూ మార్కుల వాటా కూడా చూడండి. శ్రీనగర్ రీజినల్ ఇంజనీరింగ్ కళాశాల ప్రవేశాలపై వచ్చిన అజయ్ హాసియా కేసులో (మన కాజీపేట ఆర్‌ఈసీకి అది సోదర కళాశాల), మౌఖిక పరీక్షకు మూడో వంతు మార్కులు కేటాయించడం ఏకపక్షమని, అది 15 శాతం దాటరాదని 1980లో సుప్రీంకోర్టు చెప్పింది. పైన చెప్పిన హర్యానా కేసులోనూ 22.2 శాతం, మాజీ సైనికాధికారుల విషయంలో 33.3 శాతం ఎక్కువేనన్నది. కానీ ఈ లెక్కలు కుర్ర అభ్యర్థులకు రాత పరీక్షతో కలిపి ఇంటర్వ్యూ పెట్టే సందర్భాలవి. పరిణత వయస్కులను ఉన్నత పోస్టులకు తీసుకునేటప్పుడు ఇంటర్వ్యూకు ఎక్కువ బరువు ఇవ్వవచ్చని కూడా కోర్టులు ఒప్పుకున్నాయి కాబట్టి, మీకు వర్తించే నిబంధనల్లో విద్యార్హతలకు ఎన్ని, పరిశోధనకు ఎన్ని, ఇంటర్వ్యూకు ఎన్ని అని ఉందో చూడకుండా దీనిపై ఏమీ చెప్పలేము.

ఇక మీ మిత్రుల మాట. అందులో సగమే నిజం ఉంది. ఇంటర్వ్యూకు హాజరై, అదృష్టం పరీక్షించుకొని, ఫలితం అనుకూలంగా రాకపోయేసరికి ప్రక్రియే తప్పనడం కుదరదని 1995లో మదన్ లాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రభుత్వ న్యాయవాదులు ఉదహరించే మొదటి తీర్పు తరచుగా ఇదే. అయితే అభ్యర్థి ప్రక్రియను అంగీకరిస్తాడే తప్ప అందులోని చట్టవిరుద్ధతను అంగీకరించినట్టు కాదని 2019లో డాక్టర్ మీతా సహాయ్ కేసులో అదే కోర్టు స్పష్టం చేసింది. అంతేకాక, హక్కు వదులుకున్నాడనాలంటే ముందుగా విషయం తెలిసి ఉండాలి. కమిటీలో ఎవరున్నారో మీకు గదిలోకి అడుగుపెట్టిన తరువాతే తెలిసిందా, బంధుత్వం సంగతి ఫలితాలు వచ్చాకే బయటపడిందా అన్నది తేదీలతో సహా రాసి పెట్టుకోండి.

సమాచార హక్కు చట్టం కింద పది రూపాయల రుసుముతో దరఖాస్తు పెట్టండి. ‘ఎందుకు నన్ను ఎంపిక చేయలేదు?’ అని అడగకండి. అది అభిప్రాయం అడిగినట్టవుతుంది, జవాబు రాదు. ఎంపిక కమిటీని నియమించిన ఉత్తర్వు నకలు, సభ్యులు బంధుత్వం లేదని ఇచ్చిన ధ్రువీకరణల నకళ్లు, మార్కుల కేటాయింపు పట్టిక, ఎంపికైనవారికీ మీకూ సభ్యులు వేసిన మార్కుల షీట్లు, కమిటీ తీర్మానం నకలు అని పత్రాల పేర్లు పెట్టి అడగండి. ముప్పై రోజుల్లో జవాబు రాకపోతే మొదటి అప్పీలు వేయండి. వ్యక్తిగత కక్ష అనే ఆరోపణ చేయదలిస్తే మాత్రం, ఆ వ్యక్తిని పేరుతో సహా ప్రతివాదిగా చేర్చాలి. ఆ ఆరోపణను నిరూపించే భారం చాలా పెద్దదని 1973లో రోయప్ప కేసులోనే సుప్రీంకోర్టు హెచ్చరించింది. మీ కేసుకు కక్ష అవసరం లేదు, బంధుత్వం చాలు.

ప్రశ్న: గ్రూప్-1 మెయిన్స్‌లో ఊహించినదానికంటే చాలా తక్కువ మార్కులు వచ్చాయి. తెలుగులో రాసినవారికి తక్కువ వేశారని అందరూ అంటున్నారు. నా జవాబు పత్రాలను మళ్లీ దిద్దించమని హైకోర్టును కోరవచ్చునా? (నర్సంపేట)

జవాబు: ‘అందరూ అంటున్నారు’ అనే మాటతో పిటిషన్ నడవదు. పునర్మూల్యాంకనానికి నిబంధనల్లో చోటు ఉంటే అడగవచ్చు. చోటు లేనప్పుడు కోర్టు జోక్యం అరుదు; తప్పు కళ్లకు కట్టినట్టు కనిపించాలి తప్ప తర్కించి తేల్చవలసినదిగా ఉండకూడదని 2017లో రణ్ విజయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు గీత గీసింది. అభ్యర్థిపై సానుభూతికి ఇందులో తావు లేదని కూడా ఆ తీర్పులోనే ఉంది. ఏళ్లు ధారపోసినవారికి కఠినంగా వినిపించినా, న్యాయమూర్తి తానే పరీక్షాధికారిగా మారకూడదన్న జాగ్రత్త అది.

మీ ఒక్కరి మార్కులు కాకుండా మూల్యాంకన పద్ధతే లోపభూయిష్టమని చూపగలిగితే పరిస్థితి వేరు. ఒకే సబ్జెక్టు పేపర్లను పలువురు దిద్దినప్పుడు, ఒకరు ధారాళంగా మరొకరు పొదుపుగా వేయడం వల్ల వచ్చే తేడాను సరిచేయడానికి మోడరేషన్ కావాలని, వేర్వేరు ఐచ్ఛిక సబ్జెక్టుల మధ్య పోలిక కోసమైతే స్కేలింగ్ పద్ధతి వేరని, ఉత్తరప్రదేశ్ సివిల్ జడ్జీల పరీక్షపై వచ్చిన సంజయ్ సింగ్ కేసులో 2007లో సుప్రీంకోర్టు వివరించింది. మన గ్రూప్-1 వివాదంలో 2025 సెప్టెంబర్ 9న హైకోర్టు సింగిల్ జడ్జి మెయిన్స్ మార్కుల జాబితాను, జనరల్ ర్యాంకింగ్ జాబితాను కొట్టివేసి, మోడరేషన్‌తో మళ్లీ మూల్యాంకనం చేయాలని, అది వీలుకాకపోతే మెయిన్స్ తిరిగి నిర్వహించాలని ఆదేశించినప్పుడు ఆధారం చేసుకున్నది ఈ తీర్పునే. తెలుగు మాధ్యమం వారికి అన్యాయం జరిగిందన్నది అక్కడి పిటిషనర్ల వాదనల్లో ఒకటి. అదే నెల 24న ధర్మాసనం ఆ తీర్పు అమలును నిలిపివేయడంతో, తుది తీర్పుకు లోబడి ఎంపికైనవారికి నియామక పత్రాలు అందాయి.

ఈ పరీక్షకు ముందు నడిచినది కూడా గుర్తుచేసుకోవాలి. 2022 అక్టోబర్ 16న జరిగిన ప్రిలిమ్స్ ప్రశ్నపత్రాల లీకేజీ వల్ల రద్దయింది. 2023 జూన్ 11న మళ్లీ పెట్టిన ప్రిలిమ్స్‌ను, బయోమెట్రిక్ హాజరు తీసుకోలేదన్న కారణంతో ఆ సెప్టెంబర్‌లో హైకోర్టు రద్దు చేసింది. వేలిముద్రలు తీసుకుంటామని నోటిఫికేషన్‌లో రాసుకొని తీసుకోకపోవడమే అక్కడ దెబ్బకొట్టింది. నోటిఫికేషన్‌లోని ప్రతి వాక్యమూ అభ్యర్థిని ఎంత కట్టేస్తుందో, రాసినవారినీ అంతే కట్టేస్తుందన్నది ఆ కేసులో అభ్యర్థులకు కలిసివచ్చింది.

ప్రిలిమ్స్ కీ (సరైన జవాబుల పట్టిక) విషయంలో అభ్యంతరాలున్నవారు తుది ఫలితం దాకా ఆగకండి. కీలోని జవాబు సరైనదేనన్న భావనతోనే కోర్టు మొదలుపెడుతుంది. అది తప్పని ప్రామాణిక పాఠ్యపుస్తకాలతో స్పష్టంగా తేలితేనే జోక్యం చేసుకుంటుందన్నది 1983 నాటి కాన్పూర్ విశ్వవిద్యాలయం కేసు నుంచి ఉన్న సూత్రం. ప్రాథమిక కీ మీద అభ్యంతరం పంపే గడువులోనే పుస్తకం పేరు, పేజీ నకలు జతచేసి పంపండి.

ప్రశ్న: మా నాన్న రైల్వే ఉద్యోగి. ఒకటి నుంచి ఐదో తరగతి వరకు బల్లార్షాలో, ఆ తరువాత డిగ్రీ దాకా కాజీపేటలో చదివాను. ఇప్పుడు నేను స్థానికేతరుడినట. సొంత ఊళ్లో ఇది వివక్ష కాదా? (కాజీపేట)

జవాబు: కాజీపేట రైల్వే కుటుంబాల నుంచి ఈ ప్రశ్న వస్తూనే ఉంది. 2018 రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం ఒకటి నుంచి ఏడో తరగతి లోపు కనీసం నాలుగేళ్లు చదివిన ప్రాంతమే లెక్క. జిల్లా, జోన్, మల్టీజోన్ పోస్టుల్లో 95 శాతం స్థానికులవి. మిగిలిన ఐదు శాతంలో మీరు పోటీ పడవచ్చు.

రాజ్యాంగంలోని 16(2) అధికరణం నివాసం కారణంగా వివక్ష కూడదంటుంది. 16(3) ప్రకారం నివాస నిబంధన పెట్టే అధికారం పార్లమెంటుకే ఉంది. ఈ సంగతి మన జిల్లావారికి కొత్త కాదు. 1952లో నాన్‌ముల్కీలకు (స్థానికేతరులకు) వ్యతిరేకంగా విద్యార్థుల ఆందోళన రాజుకున్నది వరంగల్‌లోనే. పదిహేనేళ్ల నివాసం కోరిన 1957 నాటి చట్టంలోని తెలంగాణ నిబంధనను 1969 మార్చిలో సుప్రీంకోర్టు కొట్టివేసింది. 1972 అక్టోబర్‌లో అదే కోర్టు పాత ముల్కీ నిబంధనలు చెల్లుతాయన్నది. ఆ తరువాత చెలరేగిన గొడవల మధ్య 1973లో 32వ సవరణ ద్వారా 371-డి అధికరణం వచ్చింది. దానిలోని పదో క్లాజు, ఈ అధికరణం కింద ఇచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వులు రాజ్యాంగంలోని ఇతర నిబంధనలతో నిమిత్తం లేకుండా చెల్లుతాయంటుంది. కనుక సమానత్వం పేరుతో ఆ నాలుగేళ్ల నిబంధనను కొట్టివేయించుకోవడం దాదాపు అసాధ్యం. మీరు చూడవలసింది ఒక్కటే: ఆరు, ఏడు తరగతులు కాక, ప్రాథమిక తరగతుల్లో ఏవైనా రెండేళ్లు కాజీపేట బడిలో చదివిన రికార్డు ఉందా? బదిలీల మధ్య పిల్లలను తాతగారింట ఉంచి చదివించిన కుటుంబాల్లో అలాంటి స్టడీ సర్టిఫికెట్ ఒక్కోసారి దొరుకుతుంది. లేనిదాన్ని మాత్రం పుట్టించకండి. ధ్రువపత్రాల పరిశీలనలో దొరికితే ఉద్యోగంతో పాటు కేసు కూడా మిగులుతుంది.

ప్రశ్న: నాన్న సింగరేణిలో ముప్పై ఏళ్లు బొగ్గు తవ్వారు. కార్మికుల పిల్లలకే ఉద్యోగాలివ్వాలని అడగడం తప్పా? (గోదావరిఖని)

జవాబు: అడగడం తప్పు కాదు, కానీ 16(2) అధికరణంలో మతం, కులం, లింగం లాంటి వాటి సరసన ‘వంశం’ కూడా ఉంది. గ్రామ మునసబు పదవికి పాత మునసబు కుటుంబం వారికే ప్రాధాన్యమివ్వడం రాజ్యాంగ విరుద్ధమని సుప్రీంకోర్టు తేల్చిన గాజుల దశరథ రామారావు కేసు మన తెలుగు నేల నుంచి వెళ్లినదే. 1961 నాటి లా రిపోర్టుల్లో ఉంది. పోలీసుల కొడుకులకు పోలీసు ఉద్యోగాల్లో సడలింపులివ్వడాన్ని 1987లో అదే కోర్టు తప్పుపట్టింది. ఈ వరుసలోనే సింగరేణి వారసత్వ ఉద్యోగాల పథకాన్ని 2017లో హైదరాబాద్ హైకోర్టు కొట్టివేసింది.

చట్టం ఒప్పుకునేది కారుణ్య నియామకాన్ని. కార్మికుడు మరణించినప్పుడో, వైద్యపరంగా పనికి అనర్హుడైనప్పుడో కుటుంబం ఒక్కసారిగా రోడ్డున పడకుండా ఇచ్చే ఆసరా అది. వారసత్వపు హక్కు కాదు. ఆరోగ్యంగా ఉన్న కార్మికుడిని అనారోగ్యవంతుడిగా చూపించే బేరాల గురించి కోల్‌బెల్టులో అందరికీ తెలుసు. దాని జోలికి వెళ్లమని నేను సలహా ఇవ్వలేను.

ప్రశ్న: ఏజెన్సీ బడుల్లో టీచర్ పోస్టులన్నీ ఆదివాసులకే అన్న జీవోను ఎందుకు కొట్టేశారు? తప్పుడు ఎస్టీ సర్టిఫికెట్లతో వచ్చినవారు మా పోస్టులు తీసుకుంటుంటే మేమేం చేయాలి? (ఏటూరునాగారం)

జవాబు: 2000 సంవత్సరం నాటి మూడో నంబర్ జీవో, షెడ్యూల్డ్ ప్రాంతాల్లో టీచర్ పోస్టులను నూటికి నూరు శాతం స్థానిక గిరిజనులకు కేటాయించింది. మైదానం నుంచి వచ్చిన టీచర్లు వాగులు దాటి బడికి రాకపోవడమే దానికి మూలం. ఆ కారణం కల్పన కాదని ఏజెన్సీలో తిరిగినవారికి తెలుసు. అయినా, నూరు శాతం రిజర్వేషన్ సమానత్వ సూత్రాన్నే తుడిచేస్తుందని, అయిదో షెడ్యూలు కింద గవర్నర్‌కున్న అధికారమూ ప్రాథమిక హక్కులకు లోబడినదేనని 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. 1950 జనవరి 26కు ముందు నుంచి అక్కడే నివాసం ఉండాలన్న షరతు ఇతర గిరిజనులకు కూడా అన్యాయం చేస్తుందన్నది. రెండు తెలుగు రాష్ట్రాలకు కలిపి అయిదు లక్షల ఖర్చులు వేసింది. అప్పటికే చేరిన టీచర్లను, మళ్లీ ఇలా చేయరాదన్న షరతుపై, ఉద్యోగాల్లో ఉండనిచ్చింది. రాష్ట్రంలో ఎస్టీ రిజర్వేషన్ 2022లో ఆరు నుంచి పది శాతానికి పెరిగింది కానీ, అది ఏజెన్సీకే పరిమితమైన కోటా కాదు.

తప్పుడు సర్టిఫికెట్ల మీద మాత్రం మీకు నేరుగా దారి ఉంది. కుల ధ్రువీకరణ పత్రాల జారీని క్రమబద్ధం చేసే 1993 నాటి చట్టం కింద జిల్లా కలెక్టర్‌కు ఫిర్యాదు చేయండి. విచారణ జరిపి సర్టిఫికెట్‌ను రద్దు చేసే అధికారం ఆయనకు ఉంది. ఆ వ్యక్తి తండ్రి, తాతల పాఠశాల రికార్డు, పాత భూమి కాగితాలు దొరికితే జతచేయండి. ఫిర్యాదును బీరువాలో పెట్టేస్తే, నిర్ణీత గడువులో తేల్చమని కోరుతూ హైకోర్టులో రిట్ పిటిషన్ వేయవచ్చు. ఇలాంటి రిట్లలో ఆదేశం దొరకడం మిగతావాటికంటే తేలిక.

ప్రశ్న: మా అమ్మాయి బీసీ. ఓపెన్ మహిళల కటాఫ్ కంటే ఎక్కువ మార్కులు వచ్చినా బీసీ కోటాలోనే చూపారు. పైగా కొత్త పద్ధతిలో ఆడపిల్లల పోస్టులు తగ్గాయంటున్నారు. (మహబూబాబాద్)

జవాబు: ‘ఓపెన్’ అంటే అగ్రవర్ణాల కోటా కాదు, అందరిదీ. 2020 డిసెంబర్‌లో సౌరవ్ యాదవ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది సరిగ్గా మీ సమస్యనే: ఓపెన్ మహిళల కంటే ఎక్కువ మార్కులున్న బీసీ మహిళలను ఆ జాబితాలోకి రానివ్వకపోవడం చెల్లదు. అయితే వయోపరిమితి లాంటి సడలింపు వాడుకొని దరఖాస్తు చేసి ఉంటే, నిబంధనలను బట్టి ఓపెన్‌లోకి తీసుకోకపోవచ్చు. అది ముందు చూసుకోండి.

కొత్త పద్ధతి అంటున్నది సమాంతర రిజర్వేషన్. ఒక వర్గంలో 30 పోస్టులుంటే అందులో మూడో వంతు, అంటే 10, మహిళలకు దక్కాలి. ముందు 30 మందిని మెరిట్ ప్రకారం వరుసగా రాస్తారు. ఆ వరుసలో ఇప్పటికే 8 మంది మహిళలు ఉంటే, అడుగున ఉన్న ఇద్దరు పురుషుల స్థానంలో తరువాతి ఇద్దరు మహిళలు వస్తారు. పన్నెండు మంది ఉంటే ఎవరినీ కదపరు, పన్నెండు మందీ చేరతారు. 2007లో రాజేశ్ కుమార్ దారియా కేసు చెప్పిన లెక్క ఇది. ఇదివరకు రోస్టర్‌లో (పోస్టులను వర్గాల వారీగా పంచే వరుస పట్టికలో) మహిళలకు పాయింట్లు విడిగా కేటాయించడంతో, మెరిట్‌లో వచ్చినవారు పోగా మళ్లీ కోటా నిండేది. 2024 ఫిబ్రవరిలో ప్రభుత్వం ఆ పద్ధతిని మార్చింది. దాన్ని కోర్టులో సవాలు చేసి గెలిచే అవకాశం నాకు కనిపించడం లేదు. అమ్మాయి విషయంలో మాత్రం వెంటనే బోర్డుకు వినతిపత్రం ఇచ్చి, దాని నకలుతో న్యాయవాదిని కలవండి.

ప్రశ్న: నోటిఫికేషన్‌లో లేని కనీస ఇంటర్వ్యూ మార్కుల నిబంధన ఫలితాల ముందు పెట్టారు. చెల్లుతుందా? (జగిత్యాల)

జవాబు: చెల్లదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జిల్లా జడ్జీల ఎంపికలో, ఇంటర్వ్యూలు అయిపోయిన తరువాత సాక్షాత్తు హైకోర్టే ఇలాంటి నిబంధన పెడితే, 2008లో కె. మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. 2024 నవంబర్ 7న తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్ని సమర్థిస్తూ, మధ్యలో మార్చుకునే వీలు నిబంధనల్లోనో నోటిఫికేషన్‌లోనో ముందే ఉంటే తప్ప కుదరదని, ఉన్నా ఆ మార్పు ఏకపక్షంగా ఉండకూడదని చెప్పింది. మీ నోటిఫికేషన్ చివరి పేజీల్లో ‘మార్పులు చేసే అధికారం బోర్డుకు కలదు’ అన్న వాక్యం ఉందేమో చూడండి.

ప్రశ్న: ఔట్‌సోర్సింగ్ ఉద్యోగం పర్మినెంట్ చేయిస్తానని ఒకాయన రెండు లక్షలు తీసుకున్నాడు. పని కాలేదు. డబ్బు ఎలా రాబట్టాలి? (పరకాల)

జవాబు: దొడ్డిదారిన వచ్చిన తాత్కాలిక ఉద్యోగికి పర్మినెంట్ అయ్యే హక్కు లేదని 2006లో ఉమాదేవి కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పాక, ఆ మాట ఇవ్వగల దళారి రాష్ట్రంలో లేడు. డబ్బు గురించి మోసం కేసు పెట్టవచ్చు. కానీ అది అధికారికి లంచంగా వెళ్లిందని మీరే రాస్తే, అవినీతి నిరోధక చట్టానికి 2018లో చేసిన సవరణ తరువాత ఇచ్చినవారూ నేరస్థులే. బలవంతం మీద ఇచ్చి, ఏడు రోజుల్లో ఫిర్యాదు చేసినవారికే మినహాయింపు. న్యాయవాదిని కలవకుండా స్టేషన్‌లో కాగితం ఇవ్వకండి.

ప్రశ్న: మేము నలుగురం కలిసి ఒక ఎంపికను సవాలు చేయాలనుకుంటున్నాము. ఎక్కడ వేయాలి, ఎప్పటిలోగా వేయాలి, పరీక్ష మొత్తం రద్దవుతుందా? (హనుమకొండ)

జవాబు: తెలంగాణకు రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునల్ 2016లోనే రద్దయింది కనుక, రాష్ట్ర ఉద్యోగాలైతే 226 అధికరణం కింద నేరుగా హైకోర్టులో రిట్ వేయాలి. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగాలైతే ముందు హైదరాబాద్‌లోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు, ఆ తరువాతే హైకోర్టుకు వెళ్లాలి.

రిట్‌కు చట్టం ఇన్ని రోజులని గడువు పెట్టలేదు, కానీ ఆలస్యమే చాలా కేసులను ముంచుతోంది. నియామక పత్రాలు ఇచ్చేసి, చేరినవారు శిక్షణ కూడా పూర్తిచేసుకున్నాక వెళితే, కోర్టు ముందుగా అడిగేది ‘ఇన్నాళ్లూ ఏం చేశారు?’ అనే. వెళ్లినప్పుడు బోర్డును ఒక్కదాన్నే ప్రతివాదిగా చూపడం మరో పొరపాటు. ఎవరి ఎంపికను రద్దు చేయమంటున్నారో వారిలో కొందరినైనా ప్రతినిధులుగా చేర్చకపోతే రిట్‌ను విచారించరాదని 1984లో ప్రబోధ్ వర్మ కేసులో సుప్రీంకోర్టు అన్నది. పక్కింటి కుర్రాడి మీద కేసు ఎలా వేస్తామని మొహమాటపడేవారు ఇక్కడే దెబ్బతింటారు.

పరీక్ష మొత్తం రద్దు కావాలంటే, తప్పు చేసినవారిని చేయనివారి నుంచి వేరుచేయడం వీలు కానంతగా ప్రక్రియ పాడై ఉండాలి. ఈ గీటురాయిని 2021లో సచిన్ కుమార్ కేసు వివరించింది. పశ్చిమ బెంగాల్‌లో ఓఎంఆర్ పత్రాల తారుమారు, వాటి ధ్వంసం కారణంగా తప్పును వేరుచేయడం కుదరలేదని, 2025 ఏప్రిల్ 3న 25,753 మంది ఉపాధ్యాయులు, సిబ్బంది నియామకాల రద్దును సుప్రీంకోర్టు ఖాయం చేసింది. ఏ తప్పూ చేయనివారు కూడా అందులో ఉన్నారు. మీ నలుగురికి జరిగిన అన్యాయం నాలుగు పోస్టులతో తీరేదైతే, మొత్తం రద్దు కోరకండి. మీ స్థానాల వరకే ఉపశమనం అడగండి, పోస్టులు ఖాళీగా ఉంచేలా మధ్యంతర ఉత్తర్వు కోరండి. ఎంపిక జాబితాలో పేరున్నంత మాత్రాన ఉద్యోగం హక్కు కాదని 1991లో శంకరసన్ దాస్ కేసు చెప్పిన మాట మీకూ, మీ ప్రత్యర్థులకూ ఒకేలా వర్తిస్తుంది.

కాలం గురించి మీకు భ్రమ ఉండకూడదు. 2016లో జరిగిన మన గ్రూప్-2 పరీక్షలో ఓఎంఆర్ మీద వైట్‌నర్ వాడిన, గడులు దిద్దిన పత్రాలను లెక్కలోకి తీసుకోవచ్చా అన్న వివాదం, 2019లో జాబితా వెలువడి అందరూ చేరిన తరువాత కూడా నడిచి, 2025 నవంబర్‌లో సింగిల్ జడ్జి ఆ జాబితాను కొట్టివేయడం, ధర్మాసనం ఆ తీర్పును నిలిపివేయడం దాకా వచ్చింది. కేసు నడుస్తుండగా చదువు ఆపకండి, తరువాతి నోటిఫికేషన్‌కు దరఖాస్తు మానకండి.

ఖర్చు భరించలేనివారు, మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులు ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. హైకోర్టు న్యాయ సేవల కమిటీకి గాని, జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు గాని దరఖాస్తు పెట్టండి; 15100 నంబరుకు ఫోన్ చేసినా దారి చెబుతారు. వెళ్లేటప్పుడు పూర్తి నోటిఫికేషన్, దానికి వచ్చిన సవరణలు, హాల్‌టికెట్, ఓఎంఆర్ నకలు కాగితం, రెండు కీలు, మార్కుల మెమో, మీరు పంపిన అభ్యంతరాల రసీదులు తేదీల వరుసలో పెట్టుకొని వెళ్లండి. వెబ్‌సైట్‌లో జాబితాలు మారుతుంటాయి కనుక, ఫలితం వచ్చిన రోజే తేదీ కనిపించేలా ముద్రించి ఉంచుకోండి.